నురగమ్మ వంటిల్లు

నిద్ర లేవగానే ఆమె చేసే మొదటి పని ఫ్రిజ్ పై అర తెరిచి ఐసు ట్రేలు చూసుకోవడం. అందులో ఉండేది నీళ్ళ ఐసు కాదు, కాఫీ ఐసు. సాయంత్రం చిక్కటి డికాషన్ దించి ట్రేలలో పోసి పెడితే పొద్దుటికి నల్లటి ముక్కలుగా గడ్డకడుతుంది. పాలతో కలిపి మిక్సీలో తిప్పడానికి ఆ ముక్కలే కావాలి. మామూలు ఐసు వేస్తే కరిగేకొద్దీ కాఫీ నీళ్ళనీళ్ళగా తయారవుతుంది. ఈ సంగతి ఇప్పుడు ఎక్కడెక్కడివాళ్ళకో తెలుసు. చెప్పింది ఆమే.

వీడియోలు చూసేవాళ్ళు ఆమెను నురగమ్మ అంటారు. మిక్సీ మూత తీయగానే పైకి పొంగే నురగను చెంచాతో ఎత్తి కెమెరాకు చూపించి నవ్వుతుంది కదా, అందుకు. పేరు ఎవరు పెట్టారో తెలియదు గానీ అది అతుక్కుపోయింది. కూరగాయల కొట్టువాడు కూడా అలాగే పిలుస్తాడు. కిందటేడు అత్తగారికి కంటి ఆపరేషన్ చేయించినప్పుడు, ఆసుపత్రిలో ఆవిడ చెయ్యి పట్టుకుని దిగులుగా కూర్చుని ఉంటే, ఒక నర్సు వచ్చి ఫోను ముందు పెట్టి ఆ మాట ఒక్కసారి అనమని బతిమాలింది. "వచ్చారా? రండి, చల్లగా కూర్చోండి." ప్రతి వీడియో ఈ మాటతోనే మొదలవుతుంది. ఆసుపత్రి వరండాలో నిలబడి నవ్వుతూ ఆ మాట అనేసింది. నర్సు సంబరపడి వెళ్ళిపోయింది.

ఆ శుక్రవారం పొద్దున ఆమె వంటింట్లోకి వచ్చేసరికి భర్త అప్పటికే దీపాలు సర్దుతున్నాడు. అతను ఫొటోగ్రాఫరు. ఏ పనైనా తీరిగ్గా, ముచ్చటగా చేస్తాడు. ఎండ కదిలితే వెలుగు మారిపోతుందని కిటికీకి నల్లగుడ్డ కట్టేశాడు. గుడ్డ కట్టి ఎన్నాళ్ళయిందో, బయట వానో ఎండో వంటింట్లో ఉన్నవాళ్ళకు తెలియదు. గాలి చప్పుడు మైకులో పడుతుందని ఫ్యాను తిరగనివ్వడు. రికార్డింగు మొదలయ్యేముందు ఫ్రిజ్ ప్లగ్గు కూడా పీకేస్తాడు. ఆ దీపాల వేడికి ఆమె వీపు తడిసి ముద్దవుతుంది. ముందువైపు మాత్రం పొడిగా, చల్లగా కనిపించాలి.

ఇంట్లో మిగతావాళ్ళు కూడా ఎవరి జాగాలోకి వాళ్ళు సర్దుకోవాలి. అత్తగారికి ఎప్పటినుంచో దగ్గు. రికార్డింగు వేళకు ఆవిడ చెంబుతో నీళ్ళు తీసుకుని వెనక గదిలోకి వెళ్ళి తలుపు వేసుకుంటుంది. దగ్గు తెర వస్తే దిండులో మొహం పెట్టుకుని దగ్గుతుంది. అలా చేయమని ఆవిడకు ఎవరూ చెప్పలేదు. తనే అలవాటు చేసుకుంది. "ఒక్కసారి నా దగ్గు కూడా పెట్టి చూడరా, దానికెన్ని లైకులొస్తాయో" అని కొడుకుతో అంటూ ఉంటుంది. అతను నవ్వేస్తాడు. ఆవిడా నవ్వుతుంది. నవ్వితే దగ్గు వస్తుంది.

ఇదంతా అనుకుని మొదలుపెట్టింది కాదు.

అతనికి బజారు మలుపులో సొంత స్టూడియో ఉండేది. మనిషి మొహం మీద వెలుగు ఎటునుంచి పడాలో అతనికి తెలిసినట్టు ఇంకొకరికి తెలియదని పేరు. అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చాక స్టూడియో మెట్లెక్కేవాళ్ళు తగ్గి తగ్గి, చివరకు అద్దె పెట్టుకోలేక మూసేశాడు. ఆ తర్వాత మంచం మీద గోడవైపు తిరిగి పడుకోవడం మొదలుపెట్టాడు. గడ్డం పెరిగింది. భోజనానికి పిలిస్తే వచ్చి, ఒక మాటైనా లేకుండా తిని, మళ్ళీ వెళ్ళి పడుకునేవాడు. ఆమె అప్పట్లో చిన్నపిల్లల బడిలో టీచరు. ఆ జీతంతో ఇల్లు ఎలాగో నడిచేది. బడిలో ఉన్నంతసేపూ ఇంట్లో ఏం జరుగుతోందోనని గుండె కొట్టుకుంటూ ఉండేది. సాయంత్రం తాళం తిప్పి లోపలికి అడుగు పెట్టడానికి ఎంత భయపడేదో ఎవరికీ చెప్పలేదు.

ఒక మండుటెండ మధ్యాహ్నం, మిగిలిపోయిన డికాషన్ పారబొయ్యడం ఇష్టంలేక ట్రేలో పోసి గడ్డకట్టించి, కూతురి కోసం పాలూ పంచదారా వేసి మిక్సీలో తిప్పింది. మూత సరిగ్గా పెట్టలేదు. నురగ ఎగిరి మొహం మీద పడింది. తల్లీ కూతుళ్ళు పగలబడి నవ్వారు. ఆ నవ్వు విని అతను మంచం దిగి వచ్చాడు. గుమ్మంలో కాసేపు నిలబడి, వెళ్ళి కెమెరా తెచ్చాడు. స్టూడియో మూశాక అతను కెమెరా ముట్టుకోవడం అదే మొదటిసారి. ఆ చిన్న వీడియోను ఇంటర్నెట్‌లో పెడితే జనం విరగబడి చూశారు. మర్నాడు పొద్దున స్నానాలగదిలో అతను గడ్డం గీసుకుంటున్న చప్పుడు వినిపించింది. ఆమె తలుపు బయట నిలబడి నోటికి చెంగు అడ్డం పెట్టుకుని ఏడ్చింది.

అప్పటినుంచి ఆమె దేనికీ వద్దనలేదు. వారానికొకటి అన్నాడు, సరేనంది. రోజుకొకటి అన్నాడు, బడి మానేసింది. పిల్లలకు చెప్పి రావడానికి కూడా వీలు కాలేదు, ఆ రోజు అరటిపండు వేసి చేసే చిక్కటి కాఫీ వీడియో ఉంది. ఇప్పుడు ఇల్లు ఈ వీడియోల మీదే నడుస్తోంది. రోజూ రుచి చూసి చూసి ఆమెకు కాఫీ వాసన తగిలితే ముక్కు మూసుకోవాలనిపిస్తుంది. రాత్రిళ్ళు నిద్ర పట్టదు. అతను మాత్రం గ్లాసు గోడ మీద చాక్లెట్ చార ఎలా జారితే బాగుంటుందో ఆలోచిస్తూ, చిన్నపిల్లాడిలా ఉత్సాహంగా తిరుగుతుంటాడు. ఆ ఉత్సాహం చూసినప్పుడల్లా, వద్దనాలనుకున్న మాట పక్కన పెట్టి జాడీ చేతిలోకి తీసుకుంటుంది.

ఆ వారం మొదట్లో ఆమె మిక్సీ జాడీలు కడుగుతుంటే బడి పెద్ద మేడమ్ ఫోను చేసింది. చేతులు తడిగా ఉన్నాయని ఆమె స్పీకరు పెట్టింది. చిన్న తరగతి టీచరు ఊరు వదిలి వెళ్ళిపోతోందట. మీరు మళ్ళీ వస్తారా, శనివారంలోగా చెప్పండి, లేకపోతే వేరేవాళ్ళను చూసుకుంటాను అంది. ఆలోచించి చెబుతానని ఆమె ఫోను పెట్టేసింది. ఆలోచించడానికి ఏమీ లేదనుకుంది. అయినా ఆ రోజంతా ఆమె కళ్ళ ముందు చిన్న చిన్న కుర్చీలే తిరిగాయి.

శుక్రవారం, అంటే ఆ పొద్దున, విషయం ఇంకా ముదిరింది. ఒక కాఫీపొడి కంపెనీ వాళ్ళు ఏడాదిపాటు వీడియోలు చేయించుకుంటామని వచ్చారు. కానీ నురగమ్మ ఒక్కతే చాలదట. ఇంటిల్లిపాదీ కనిపించాలట. కూతురు బడినుంచి వచ్చి అమ్మను కాఫీ అడుగుతున్నట్టు, నాయనమ్మ పక్కన కూర్చుని ముచ్చటపడుతున్నట్టు. మచ్చుకు ఒక వీడియో తీసి ఇవాళే పంపమన్నారు. నచ్చితే రేపు కాయితాల మీద సంతకాలు.

కూతురు పదో తరగతి. బక్కపలచగా, గలగల మాట్లాడుతూ ఉండేదని తండ్రి పిచ్చుక అని పిలిచేవాడు. ఈమధ్య ఆ గలగల తగ్గింది. టిఫిను దగ్గర అతను ఈ సంగతి చెప్పగానే పిచ్చుక తల వంచుకునే, తనకు ఇష్టం లేదంది. బడిలో ఇప్పటికే చిన్న నురగ అని పిలుస్తున్నారని, పుస్తకం తెరిస్తే వెనకబెంచీ నుంచి మిక్సీ చప్పుడు చేస్తున్నారని చెప్పింది. అతను కసురుకోలేదు. పక్కన కూర్చుని తల నిమురుతూ, రెండు మాటలే కదా తల్లీ, మీ అమ్మ చూడు ఎంత సునాయాసంగా చేస్తుందో, మనందరం కలిసి చేసే పని కదా ఇది అన్నాడు. పిచ్చుక తల్లివైపు చూసింది. తల్లి ఏదైనా అంటుందేమోనని ఆ పిల్ల ఎదురుచూసింది. తల్లి బ్రెడ్డుకు వెన్న రాస్తూ ఉండిపోయింది.

సరే అంది పిచ్చుక.

వంటిల్లు సిద్ధమైంది. ప్లగ్గులు పీకారు. నాయనమ్మ ముక్క ఆఖర్న తీద్దామనడంతో, అత్తగారు ఎప్పట్లాగే వెనక గదిలోకి వెళ్ళి తలుపు వేసుకుంది. గ్లాసులో వేయడానికి కరగని ప్లాస్టిక్ ఐసు ముక్కలు అతను గుడ్డతో తుడిచి వరసగా పెట్టాడు. దీపాల వేడికి అసలు ఐసు నిలవదు కాబట్టి, చూపించడానికి ఇవి, తిప్పడానికి అవి. జాడీలో ముందు పాలు, తర్వాత పొడి చేసిన పంచదార, ఆఖర్న కాఫీ ముక్కలు. ఒకే ఊపున తిప్పితే మోటారు వేడికి ఐసు కరిగిపోతుంది. ఆపి ఆపి తిప్పాలి. ఆమె చేతులు వాటి పని అవి చేసుకుపోతున్నాయి.

పిచ్చుక బడి సంచి భుజాన వేసుకుని గుమ్మం బయట నిలబడింది. బడికి వెళ్ళవలసిన వేళలో, బడినుంచి వచ్చినట్టు నటించడానికి. ముఖం వాడిపోయి ఉంది. పెదవి కొరుక్కుంటోంది. అతను చెయ్యి ఎత్తి మొదలుపెట్టమన్నాడు.

అంతే, ఆ పిల్ల ముఖం వెలిగిపోయింది. కళ్ళు విప్పారాయి. చెంపలు పైకి లేచాయి. గంతులేస్తూ వచ్చి, "అమ్మా, అబ్బ ఏం ఎండ, ఏదైనా చల్లగా ఇవ్వవూ" అంది. అచ్చం చిన్నప్పటి పిచ్చుకే. అతను చెయ్యి దించి బాగుంది అన్నాడు. ఆ మాట పూర్తయ్యేలోగా నవ్వు ఆరిపోయింది. వేళ్ళతో గోడమీద స్విచ్చి నొక్కినట్టు.

ఆమె చేతిలో జాడీ అలాగే ఉండిపోయింది.

ఆ నవ్వు ఎక్కడిదో ఆమెకు తెలుసు. అలా వెలిగించడం, అలా ఆర్పేయడం, ఆర్పేటప్పుడు కళ్ళు కిందికి దించుకోవడం, అన్నీ తనవే. ఎవరూ నేర్పకుండానే పిల్ల నేర్చేసుకుంది. ఇన్నాళ్ళూ తలుపు సందులోంచి చూసి నేర్చుకుంది.

అతను కెమెరా ఆమె వైపు తిప్పాడు. "ఇప్పుడు నీ మాట. ఎప్పట్లాగే" అన్నాడు.

"వచ్చారా?" అంది ఆమె. తర్వాతి మాట రాలేదు.

మళ్ళీ చెప్పమన్నాడు. "వచ్చారా?" దగ్గరే ఆగిపోయింది. మంచినీళ్ళు తాగి రమ్మన్నాడు. తాగి వచ్చింది. దీపం కాస్త పక్కకు జరిపాడు. ఈసారి నవ్వు రాలేదు. నవ్వు కోసం పెదవులు సాగదీస్తే గడ్డం వణికింది. జాడీలో నురగ అణిగిపోయిందని మళ్ళీ తిప్పారు. మళ్ళీ అణిగిపోయింది. అతను ఓపికగా ఇంకోసారి, ఇంకోసారి అంటూనే ఉన్నాడు. కసిరి ఉంటే ఆమెకు ఎదురు చెప్పడానికి దారి దొరికేది. గుమ్మంలో పిచ్చుక సంచి బరువు ఒక భుజం మీంచి ఇంకో భుజానికి మార్చుకుంటూ నిలబడి ఉంది.

అప్పుడు వెనక గది తలుపు తెరుచుకుంది. అత్తగారు బయటకు వచ్చింది. దిండు లేకుండా, చేతులు కూడా అడ్డం పెట్టుకోకుండా, నడవ మధ్యలో నిలబడి ఊపిరితిత్తులు కదిలిపోయేలా దగ్గింది. ఎన్నాళ్ళుగానో దాచుకున్నదంతా ఒక్కసారే దగ్గినట్టుంది. అతను గాభరాగా కెమెరా వదిలి తల్లి దగ్గరికి పరిగెత్తాడు. ఆవిడ అతని చెయ్యి పక్కకు తోసి గోడ పట్టుకుని నిలదొక్కుకుంది.

"ఒరేయ్, అమ్మాయికి బడినుంచి ఫోనొచ్చింది. మళ్ళీ వచ్చి చేరమన్నారు. రేపటిలోగా చెప్పాలిట. నీతో అందా?"

అతను భార్యవైపు తిరిగాడు. ఆమె జాడీని గట్టుమీద పెట్టింది. అత్తగారు వెనక గదిలోంచి ఆ ఫోను మాటలు వినేసిందని ఆమెకు అప్పుడే తెలిసింది.

"ఎందుకు చెప్పలేదు?" అన్నాడు అతను.

"చెప్పి ఏం చేయను. వెళ్ళేది లేదుగా."

"వెళ్ళాలని ఉందా?"

ఆమె కూతురివైపు చూసింది. పొద్దున బ్రెడ్డుకు వెన్న రాస్తూ ఉండిపోయిన తన చేతులు గుర్తొచ్చాయి.

"ఉందండీ" అంది. "చాలా రోజులనుంచీ ఉంది. నాకు ఈ వంటింట్లో ఊపిరి ఆడడం లేదు. కాఫీ వాసనకే కడుపులో తిప్పుతోంది. అన్నిటికంటే, ఇందాక దాని మొహం చూశారా? మీరు చెయ్యి ఎత్తితే నవ్వింది, దించితే మానేసింది. అది నా నవ్వండీ. దానికి ఆ నవ్వు అంటించింది నేనే."

దీపాలు మండుతూనే ఉన్నాయి. నీకు ఇష్టం లేకపోతే ఇన్నాళ్ళూ ఎందుకు చేశావని అతను అడిగాడు. నిజంగానే అర్థం కాక అడిగాడు. ఇష్టంగానే చేస్తోందని, పదిమంది మెచ్చుకుంటుంటే ఆమెకూ సంతోషంగానే ఉందని అనుకున్నాడు.

"మీరు మంచం దిగారని చేశాను" అంది ఆమె. "మానేస్తే మళ్ళీ గోడవైపు తిరిగి పడుకుంటారేమోనని భయపడి చేశాను."

ఆ మాట అతనికి ఎక్కడ తగలాలో అక్కడే తగిలింది. అయితే ఇదంతా జాలి అన్నమాట అన్నాడు. తను మళ్ళీ మనిషినయ్యానని, చేతిలో పని ఉన్నవాణ్ణయ్యానని అనుకుంటుంటే, ఇంట్లోవాళ్ళందరూ కలిసి రోగిని ఆడిస్తున్నట్టు ఆడిస్తున్నారా అన్నాడు. అత్తగారు ఏదో అనబోతే వినిపించుకోలేదు. మెల్లగా వంగి ఒక్కొక్క దీపం ఆర్పాడు. పడకగదిలోకి వెళ్ళి మంచం మీద వాలి గోడవైపు తిరిగాడు.

ఇంట్లో ముగ్గురు ఆడవాళ్ళూ ఆ వీపు చూస్తూ నిలబడిపోయారు.

ఇన్నేళ్ళూ ఏ దృశ్యం మళ్ళీ చూడవలసి వస్తుందోనని ఆమె హడలిపోయిందో, సరిగ్గా అదే కళ్ళముందు ఉంది. ఒక్క మాట చాలు. పొరపాటున నోరు జారానండీ, లేవండి, మళ్ళీ తీద్దాం అంటే చాలు. అతను లేస్తాడు. దీపాలు వెలుగుతాయి. పిచ్చుక నవ్వుతుంది. ఆ మాట ఆమె నాలుక చివరిదాకా వచ్చింది కూడా. వెనకనుంచి పిచ్చుక ఆమె చీర కుచ్చెళ్ళ దగ్గర వేళ్ళతో పట్టుకుంది. నడక నేర్చే రోజుల్లో పట్టుకున్నట్టు. చెప్పమనో వద్దనో ఆ పిల్లకే తెలిసినట్టు లేదు.

ఆమె వెళ్ళి మంచం అంచున కూర్చుంది. అతని వీపుమీద చెయ్యి వేసింది. తీసేయలేదు అతను. కదలనూ లేదు.

"జాలి కాదండీ" అంది నెమ్మదిగా. "జాలి అయితే ఇంత భయం ఎందుకు వేస్తుంది. మీరు లేకుండా పోతారేమోనని భయం. ఆ భయంతో నేను లేకుండా పోయాను. ఇప్పుడు పిల్ల కూడా పోతోంది. మీరు ఇలా పడుకుంటే నాకు కాళ్ళూ చేతులూ ఆడవు. అయినా చెబుతున్నాను. మీరు ఇలా పడుకున్నా సరే, నేను సోమవారం బడికి వెళ్తాను. సాయంత్రం వస్తాను. వచ్చి మీ పక్కనే కూర్చుంటాను. నవ్వడం మాత్రం నావల్ల కాదు."

చెప్పేసింది. ఇల్లు కూలిపోతుందేమో అన్నట్టు కాసేపు ఎదురుచూసింది. నడవలో అత్తగారు దగ్గుతోంది. వీధిలో ఎవరో బండి హారను మోగిస్తున్నారు. ఏమీ కూలలేదు.

అతను గోడతోనే మాట్లాడుతున్నట్టు అన్నాడు. "అప్పుడు నేను ఎందుకు గోడవైపు తిరిగానో తెలుసా? నువ్వు బడినుంచి అలసిపోయి వచ్చేదానివి. నీకు మొహం చూపించలేక. అంతకంటే ఏమీ లేదు." గోడ మీదే చూపు నిలిపి, "ఇది పోతే ఏం చేయాలో నాకు తెలియదు. నాకు ఇది నిజంగానే ఇష్టం. అబద్ధం చెప్పలేను" అన్నాడు.

"ఇష్టమైతే చేసుకోండి. నేను లేకుండా చేసుకోండి. పిల్లను కూడా వదిలేసి చేసుకోండి."

అతను ఇటు తిరిగాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. భార్య మొహంలోకి చూశాడు. మొహాలు చూడడమే అతని వృత్తి. ఎంతమందిని కూర్చోబెట్టి, గడ్డం కొంచెం ఎత్తండి, కళ్ళు ఇటు అంటూ, ఆ మొహంలో ఏముందో కనిపెట్టి తీసేవాడో. ఈ మొహాన్ని ఎన్నాళ్ళుగానో రోజూ కెమెరాలోంచి చూస్తున్నాడు. కళ్ళకింద నల్లటి గుంటలు పౌడరు కిందనుంచి తేలి కనిపిస్తున్నాయి. దవడ దగ్గర ఎముక బయటపడింది. ఇవన్నీ కనిపించకుండా ఉండడానికే దీపం ఎటు పెట్టాలో తను చూసుకున్నాడు.

"నాకు కనిపించిందే" అన్నాడు అతను. "రోజూ కనిపించింది. దీపం జరిపాను."

ఆ మాటతో అతను ఏడ్చేశాడు. ఆమె అతని తల ఒళ్ళోకి తీసుకుంది. పిచ్చుక సంచి గుమ్మంలోనే పడేసి వచ్చి మంచం రెండో పక్కన కూర్చుని తండ్రి పాదం పట్టుకుంది. అత్తగారు రాలేదు. వంటింట్లోకి వెళ్ళి కిటికీకి కట్టిన నల్లగుడ్డ ముళ్ళు విప్పడానికి తంటాలు పడింది. ఎవడురా ఇంత గట్టిగా కట్టింది అని తిట్టుకుంటుంటే మంచం మీదివాళ్ళకు వినిపించింది.

ఆ మధ్యాహ్నమే అతను కాఫీపొడి కంపెనీకి ఫోను చేశాడు. నురగమ్మ ఇక చేయదని, తను ఒక్కడే చేతులు కనిపించేలా తీసి ఇస్తానని అడిగి చూశాడు. వాళ్ళు మర్యాదగానే, మాకు కావలసింది ఆవిడ నవ్వు అన్నారు. ఫోను పెట్టేశాడు. తర్వాత లేచి భార్యతో, బడికి ఫోను చేశావా అని అడిగాడు.

వెంటనే అన్నీ సర్దుకోలేదు. అతను తీసిన వీడియోల కింద జనం నురగమ్మ ఏదీ, ఒంట్లో బాగాలేదా, మొగుడూ పెళ్ళాం విడిపోయారా అని రాశారు. కొందరు తిట్టారు. చూసేవాళ్ళు పలచబడ్డారు. ఇల్లు గడవడం కష్టమయింది. ఒకప్పుడు అతని దగ్గర పని నేర్చుకున్న మనిషి ఇప్పుడు గుర్తింపు కార్డులకు ఫొటోలు తీసే చిన్న దుకాణం నడుపుతున్నాడు. అక్కడికి వెళ్ళి పని అడగడానికి అతనికి వారం పట్టింది. ఒక పొద్దున చొక్కా ఇస్త్రీ చేసుకుని, ఇస్త్రీ అయ్యాక కూడా గుమ్మంలో నిలబడిపోతే, తల్లి వెనకనుంచి నెమ్మదిగా వీపు తట్టింది. వెళ్ళాడు. ఆ మనిషి కుర్చీలోంచి లేచి నిలబడ్డాడట. పొద్దుటిపూట అక్కడ పని, మధ్యాహ్నాలు ఇంట్లో తన వీడియోలు. మధ్యలో రెండు మూడు రోజులు గోడవైపు తిరిగి పడుకున్నవి కూడా ఉన్నాయి. ఆ రోజుల్లో ఆమె బడికి వెళ్ళింది. సాయంత్రం వచ్చి పక్కన కూర్చుంది. నాలుగో రోజున లేచాడు.

పిచ్చుక మాత్రం మొదట్లో కెమెరా కనిపిస్తే పక్క గదిలోకి వెళ్ళిపోయేది. కొన్నాళ్ళకు, తండ్రి ఒంటిచేత్తో మూత తీయలేక తంటాలు పడుతుంటే చూసి, నవ్వు ఆపుకోలేక పడీపడీ నవ్వింది. అతను కెమెరా ఆపేశాడు. ఆ నవ్వును తీయాలని చెయ్యి ఎంత కొట్టుకున్నా ఆపేశాడు.

ఒక సాయంత్రం ఆమె బడినుంచి వచ్చేసరికి అతను గుమ్మంలో ఎదురుపడ్డాడు. చేతిలో పొడవాటి గ్లాసు. గ్లాసు గోడల మీద చల్లదనం చెమటలా పట్టింది. పైన నురగ గుమ్మటంలా నిలబడి ఉంది. ఖర్జూరం వేసి చేశానని, ఇలా ఇంతవరకూ ఎవరూ చేయలేదని, పంచదార ఒక్క పలుకు కూడా వేయలేదని, ఒక్క గుక్క తాగి చెప్పమని అన్నాడు. మనిషి మొహం వెలిగిపోతోంది.

ఆమె చెయ్యి అలవాటుగా గ్లాసుకోసం ముందుకు వెళ్ళింది. పెదవులు కూడా అలవాటుగానే సాగబోయాయి. ఆగింది.

"నాకు వద్దండీ" అంది.

తడబడుతూనే అంది. అతని మొహంలో వెలుగు తగ్గుతుందేమోనని చూసింది. కొంచెం తగ్గింది. ఒక్క క్షణం గ్లాసు వంక, ఒక్క క్షణం ఆమె వంక చూశాడు. సరే అన్నాడు. ఆ గ్లాసు తనే ఎత్తి సగం తాగేశాడు. మీసం నిండా నురగ అంటుకుంది. పక్కకు జరిగి ఆమెకు దారి ఇచ్చి, నీకు మంచినీళ్ళు తేనా అన్నాడు.

తెమ్మంది.

నీళ్ళు తెచ్చి ఇచ్చి ఎదురుగా కూర్చున్నాడు. ఇవాళ బడిలో ఏమైందని అడిగాడు. కొత్తగా చేరిన ఒక పిల్ల వారంరోజులుగా నోరు విప్పలేదని, ఏం అడిగినా మూల కుర్చీలో బిగుసుకుని కూర్చుంటుందని, ఇవాళ ఉన్నట్టుండి దగ్గరికొచ్చి నా చెవిలో ఒక మాట చెప్పిందని ఆమె అంది.

"ఏం చెప్పింది?"

"నాకు ఇక్కడ బాగాలేదు అంది."

"మరి నువ్వేమన్నావు?"

"చెప్పావు కదా, మంచి పని చేశావమ్మా అన్నాను" అంది ఆమె. అంటూ ఉండగానే కళ్ళవెంట నీళ్ళు కారిపోయాయి. మొహం తిప్పుకోలేదు. తుడుచుకోనూ లేదు. అతను తన కుర్చీ దగ్గరగా లాక్కుని, ఆమె చెయ్యి తన చేతిలోకి తీసుకుని, ఆ మొహాన్నే చూస్తూ కూర్చున్నాడు.